నాలుగు నెలల ల్యాబ్ కీళ్లు: సిరప్, జాగింగ్, మెట్లు, గిన్నె

మీ ప్రశ్నలోని వివరాలు ముందు ఒకసారి రాస్తాను, చదివేవాళ్లకు కూడా అర్థమవుతుంది. బ్రూనో మగ ల్యాబ్, అంటే లాబ్రడార్ జాతి కుక్కపిల్ల, నాలుగు నెలలు, 19 కేజీలు. మారతహళ్లిలో మీ ఇల్లు రెండో అంతస్తు, లిఫ్ట్ లేదు. బ్రీడర్ చెప్పాడని రోజుకు రెండు పూటలా కాల్షియం సిరప్ పోస్తున్నారు. పొద్దున్నే మీవారితో రెండు కిలోమీటర్ల పరుగు. మూడు పూటలా డ్రై ఫుడ్, గుంటూరు నుంచి మీ అత్తగారు వచ్చినప్పటి నుంచి దాంతోపాటు పెరుగన్నం. ఈమధ్య వాడు వెనక కాళ్లు ఒక పక్కకు వాల్చి కూర్చుంటున్నాడు, మెట్లెక్కేటప్పుడు రెండు వెనక కాళ్లూ కలిపి కుందేలులా గెంతుతున్నాడు. కాల్షియం పెంచాలా, కీళ్లకు మాత్రలు మొదలుపెట్టాలా అని మీ టెన్షన్.

నాది హిందూపురం. హెబ్బాళ్ వెటర్నరీ కాలేజీలో చదువుకుని, 22 ఏళ్లుగా బెంగళూరులోనే కుక్కలకూ పిల్లులకూ వైద్యం చేస్తున్నాను. మీరు అడిగిన రెండింటికీ నా జవాబు వద్దు అనే. పెరిగే ల్యాబ్‌కి మీరు కొత్తగా ఏదీ కలపక్కర్లేదు. ఇప్పుడు చేస్తున్నవాటిలోనే కొన్ని ఆపాలి.

అయితే అన్నిటికన్నా ముందు ఒక తొందర పని ఉంది. వాడి కూర్చునే తీరు, ఆ గెంతు, ఈ రెండూ కలిసి ఉన్నాయంటే ఈ వారంలోనే తుంటి పరీక్ష చేయించండి. ఒక్క పక్కకు వాలి కూర్చోవడం మాత్రమే అయితే నేను అంత పట్టించుకునేదాన్ని కాదు, ఈ వయసు పిల్లలు చాలామంది అలాగే ఒళ్లు వదిలేసి కూర్చుంటారు. మెట్ల మీద రెండు కాళ్లూ కలిపి గెంతడం వేరు. ఒక్కో తుంటి మీద విడిగా బరువు మోపడం ఇబ్బందిగా ఉన్న పిల్ల అలా చేస్తుంది. అది హిప్ డిస్‌ప్లేసియా అని నేను ఇక్కడినుంచి తేల్చలేను. తుంటి గిన్నెలో తొడ ఎముక తల బిగువుగా కూర్చోకుండా వదులుగా ఆడటమే ఆ జబ్బు. డాక్టర్ మత్తు ఇచ్చి, మోకాలిని తుంటి వైపు నొక్కి, కాలిని మెల్లగా పక్కకు తెరిచినప్పుడు ఎముక తల మళ్లీ గిన్నెలోకి జారడం చేతికి తెలుస్తుంది. దాన్ని ఓర్టొలాని పరీక్ష అంటారు. అదే మత్తులో ఎక్స్‌రే కూడా తీయించేయండి.

తొందర ఎందుకంటే, చిన్న వయసులోనే చేయాల్సిన ఒక చిన్న ఆపరేషన్ ఉంది. దాని పేరు జేపీఎస్. కటి ఎముక కింది భాగంలో రెండు సగాలూ కలిసే చోట ఉండే పెరిగే పొరను వేడితో మూసేస్తారు. అక్కడ పెరుగుదల ఆగుతుంది, మిగతా కటి పెరుగుతూనే ఉంటుంది, దాంతో తుంటి గిన్నెలు మెల్లగా తిరిగి ఎముక తలను బాగా కప్పుతాయి. ఇది 12 నుంచి 16 వారాల మధ్య చేస్తే మంచి ఫలితం, 20 వారాలు దాటితే దాదాపు ఉపయోగం ఉండదు. బ్రూనోకి ఇప్పుడు సుమారు 17 వారాలు. వాడికి ఈ ఆపరేషన్ అవసరం పడకపోవచ్చు, నిజంగా పడకూడదనే నా కోరిక. కానీ అవసరమా కాదా అని తేల్చుకునే గడువు మూడు వారాలే ఉంది కాబట్టి, ఎముకల సర్జరీలు చేసే వెట్ దగ్గరికే నేరుగా వెళ్లండి. "ఆరు నెలలు రానివ్వండి, అప్పుడు చూద్దాం" అని ఎవరైనా అంటే జేపీఎస్ సంగతి పేరు పెట్టి అడగండి.

ఇప్పుడు కాల్షియం. ఈ రోజు రాత్రి నుంచే ఆపేయండి. మీరు పెడుతున్నది పెద్ద జాతి పప్పీల కోసం తయారైన డ్రై ఫుడ్ అని రాశారు, అందులో కావాల్సిన కాల్షియం లెక్క కట్టే వేసి ఉంటుంది. ఎదిగిన కుక్కకైతే ఎక్కువ కాల్షియం వెళ్లినా పేగు తనకు కావాల్సినంతే లాక్కుని మిగతాది వదిలేస్తుంది. ఆరు నెలల లోపు పిల్లకు ఆ అదుపు ఇంకా రాదు. గిన్నెలో ఎంత ఉంటే అందులో పెద్ద భాగం ఒంట్లోకి వెళ్లిపోతుంది. అలా వెళ్లిన ఎక్కువ కాల్షియం ఎముకను గట్టిపరుస్తుందని అనుకుంటాం. జరిగేది వేరు. ఎముక చివర్లలో ఉండే మృదులాస్థి సమయానికి ఎముకగా మారే పని అస్తవ్యస్తమవుతుంది, కాళ్లు వంకర పోతాయి, కీళ్లలో పొరలు ఊడతాయి. నెదర్లాండ్స్‌లో ఉట్రెక్ట్ విశ్వవిద్యాలయం వాళ్లు 1980ల్లోనే గ్రేట్ డేన్ పిల్లల మీద ఈ విషయం చూపించారు.

నేను దీన్ని పుస్తకంలో చదివినప్పుడు అంతగా తలకెక్కలేదు. ప్రాక్టీస్ మొదలుపెట్టిన కొత్తలో ఒక గ్రేట్ డేన్ పిల్లను తెచ్చారు, ఐదు నెలలు. వాళ్లు దాన్ని కన్నబిడ్డలా చూసుకునేవాళ్లు. మంచి డ్రై ఫుడ్, దాని మీద పాలు, దాని మీద సిరప్, అది చాలదని ఎముకల పొడి. ముందు కాళ్లు మణికట్టు దగ్గర విల్లులా వంగిపోయి ఉన్నాయి. ఆ తల్లి నన్ను అడిగిన మాట ఇప్పటికీ గుర్తుంది: "ఇన్ని పెట్టినా ఎముకలు ఇలా ఎందుకయ్యాయి డాక్టర్?" అన్నీ ఆపించాక కొంత సర్దుకుంది, పూర్తిగా సర్దుకోలేదు.

దీనికి సరిగ్గా ఎదురు తిరిగిన కేసులు కూడా చాలా చూశాను కాబట్టి అదీ చెప్పాలి, లేకపోతే ఇంట్లో వండి పెట్టేవాళ్లు ఇది చదివి కాల్షియం మొత్తం మానేస్తారు. ఒక జర్మన్ షెపర్డ్ పిల్లకు మూడు నెలల పాటు బోన్‌లెస్ చికెన్, అన్నం మాత్రమే పెట్టారు. మంచం మీంచి దూకితే తొడ ఎముక పచ్చి కొమ్మలా సగం విరిగింది. ఎక్స్‌రేలో ఎముకలు నీడల్లా కనబడ్డాయి. వంద గ్రాముల చికెన్ కండలో కాల్షియం పది పదిహేను మిల్లీగ్రాములే ఉంటుంది, ఫాస్ఫరస్ దాదాపు రెండు వందలు. పెరిగే పిల్లకు ఈ రెండూ సమానంగానో, కాల్షియం కొంచెం ఎక్కువగానో అందాలి. అందక, శరీరం తన సొంత ఎముకలోంచి కాల్షియం తవ్వి రక్తంలోకి పంపుతుంది. కాబట్టి పూర్తిగా ఇంటి వంట పెట్టేవాళ్లకు కాల్షియం తప్పనిసరి, అదీ పిల్ల బరువును, వంటను చూసి డాక్టర్ గ్రాముల్లో రాసిచ్చినట్టే. మీలాగా సరైన డ్రై ఫుడ్ పెట్టేవాళ్లకు ఒక్క చుక్క కూడా అక్కర్లేదు. అన్నట్టు, మా వైపు వాళ్లు "రాగి జావ పోస్తే ఎముక బలం" అంటారు. రాగుల్లో కాల్షియం బాగా ఉన్న మాట నిజం, అప్పుడప్పుడు రెండు చెంచాల జావ తాగితే ఏమీ కాదు, కానీ దాన్ని ఎముకల మందుగా లెక్కేసుకోకండి.

పొద్దున ఎండలో పడుకోబెడితే విటమిన్ డి వస్తుందనే మాట కూడా బ్రీడర్ చెప్పాడన్నారు. మనుషుల్లా కుక్కల చర్మం ఎండతో సరిపడా విటమిన్ డి తయారు చేసుకోలేదు, వాటికది తిండిలోంచే రావాలి. బాల్కనీలో ఎండ వాడికి హాయి అనిపిస్తే పడుకోనివ్వండి. ఎముకల కోసమైతే దాని అవసరం లేదు.

నేను అన్నిటికంటే ఎక్కువ మాట్లాడాలనుకునేది తిండి గిన్నె గురించి. తుంటి వదులుతనం తల్లిదండ్రుల నుంచి వస్తుంది, దాన్ని మనం మార్చలేం. ఆ వదులు కీలు ఎంత అరుగుతుంది, నొప్పి ఎప్పుడు మొదలవుతుంది అన్నది మాత్రం చాలావరకు బరువు మీద, పెరిగే వేగం మీద ఆధారపడుతుంది. దీని మీద 48 ల్యాబ్ పిల్లలతో ఒక పెద్ద పరిశోధన జరిగింది. ఒకే ఈతలోని పిల్లల్ని జంటలుగా విడదీసి, ఎనిమిది వారాల వయసు నుంచి చనిపోయే దాకా, జంటలో ఒకదానికి రెండోదానికన్నా 25 శాతం తక్కువ తిండి పెట్టారు. తక్కువ తిన్నవాటి తుంటి కీళ్లు మెరుగ్గా ఉన్నాయి. కీళ్లవాతానికి మందులు అవసరమైన సగటు వయసు ఎక్కువ తిన్నవాటిలో 10.3 ఏళ్లు, తక్కువ తిన్నవాటిలో 13.3 ఏళ్లు. ఆయుష్షు కూడా 11.2 ఏళ్ల నుంచి 13 ఏళ్లకు పెరిగింది. 2002లో ఈ ఫలితాలు వచ్చాయి. ఇన్నేళ్లలో కీళ్ల కోసం ఇంతకన్నా గట్టి ఆధారం ఉన్న మాత్ర గానీ పొడి గానీ నేను చూడలేదు.

ఇక్కడ నా సొంత బాధ ఒకటి. మా ఇంట్లో గౌరి అనే ల్యాబ్ ఉండేది, పై ఫలితాలు నేను చదవకముందు పెంచిన కుక్క. బొద్దుగా, నున్నగా ఉండేది, వచ్చినవాళ్లంతా ముద్దు చేసేవాళ్లు, నాకూ గర్వంగా ఉండేది. ఆరో ఏటికే మెట్ల కింద నిలబడి పైకి చూస్తూ ఉండిపోయేది. దాని తుంటి వదులుగా పుట్టిందేమో, అది నా చేతిలో లేదు. ఆ ఐదారు కేజీల అదనపు బరువు మాత్రం నేనే మోయించాను.

నాలుగు నెలలకు 19 కేజీలు అంటే నాకు కొంచెం ఎక్కువగానే అనిపిస్తోంది. కానీ కేజీల అంకె కన్నా చేతిని నమ్మండి. మీ అరచేతిని నేలకు చూపిస్తూ చాపి, రెండో చేతి వేళ్లతో ఆ చేతి వెనక భాగం మీద తడమండి. సన్నటి చర్మం కింద ఎముకలు తగులుతాయి కదా, బ్రూనో పక్కటెముకలు అలా తగలాలి. పిడికిలి బిగిస్తే కణుపులు ఎలా పొడుచుకొస్తాయో అలా ఉంటే మరీ సన్నం. అరచేతి వైపు తడిమితే ఎలా ఉంటుందో అలా ఉంటే లావు. పైనుంచి చూస్తే నడుము దగ్గర లోపలికి వంపు ఉండాలి. ఇలా ఉన్న పిల్లను చూసి మన చుట్టాలు "ఏంటమ్మా, తిండి పెట్టట్లేదా" అంటారు. బాగల్‌కోట్ వైపు ముధోళ్ వేటకుక్కల్ని చూసి కూడా జనం అదే అంటారు, వాటి ఒంటి తీరే అది. అనేవాళ్లను అననివ్వండి.

డ్రై ఫుడ్‌ని కప్పులతో కొలవకండి. ఒకే కప్పు ఒకరు నింపితే తలకొట్టి ఉంటుంది, ఇంకొకరు నింపితే గోపురంలా ఉంటుంది. వంటింటి త్రాసు మీద రోజు మొత్తానికి కావాల్సింది ఒకేసారి గ్రాముల్లో తూచి డబ్బాలో పోయండి. ప్యాకెట్ మీది పట్టికతో మొదలుపెట్టి, రెండు వారాలకొకసారి పక్కటెముకలు తడిమి చూస్తూ, పదో వంతు తగ్గించడమో పెంచడమో చేయండి. కడుపు మాడ్చమని కాదు నేను చెప్పేది, ఒక్కసారిగా సగానికి తగ్గిస్తే పిల్ల నీరసిస్తుంది. ఎదిగిన కుక్కల ఫుడ్‌కి మార్చేస్తే నెమ్మదిగా పెరుగుతాడని కొందరు బ్రీడర్లు చెప్తారు, అదీ వద్దు. పెరిగే పిల్ల కోసం చేయని ఫుడ్‌లో ఖనిజాల లెక్క వేరుగా ఉండొచ్చు. ఏడాది దాటేదాకా పెద్ద జాతి పప్పీ ఫుడ్డే ఉండనివ్వండి. ప్రొటీన్ ఎక్కువైతే కీళ్లు పాడవుతాయన్న భయం కూడా మీ ప్రశ్నలో ఉంది. గ్రేట్ డేన్ పిల్లలకు ప్రొటీన్ పెంచి, తగ్గించి చూసిన పరిశోధనలో ఎముకల్లో తేడా రాలేదు. చెడు చేసేవి అదనపు క్యాలరీలు, అదనపు కాల్షియం.

మీ అత్తగారి పెరుగన్నం విషయంలో గొడవ పడకండి. ఆమెది ప్రేమ, వాడి చూపు కూడా అలాంటిదే. కేంబ్రిడ్జ్ పరిశోధకులు 2016లో చూపించినదాని ప్రకారం ల్యాబ్‌లలో దాదాపు నాలుగో వంతు కుక్కలకు ఒక జన్యువులో ముక్క లోపించి ఉంటుంది, దానివల్ల వాటికి తిండి మీద యావ ఎక్కువ. పాపం ఆకలేమో అని ఆమెకు అనిపించడంలో తప్పేమీ లేదు. మీరు తూచిన డబ్బాలోంచి రెండు గుప్పెళ్లు తీసి ఒక చిన్న గిన్నెలో ఆమె చేతికివ్వండి. ఆమె ఎప్పుడు పిలిచి పెట్టినా అది వాడి రోజు లెక్కలోదే అవుతుంది. "కూర్చో" అని చెప్పి పెట్టమనండి, వాడికి చదువు కూడా వస్తుంది. పెరుగన్నం కావాలంటే ఒక్క చెంచా, ఉప్పు లేకుండా. డ్రై ఫుడ్ కాకుండా వాడి నోట్లోకి వెళ్లేవన్నీ కలిపి రోజు క్యాలరీల్లో పదో వంతు దాటకూడదు.

పరుగు ఆపమని మీవారికి చెప్పండి. పూర్తిగా వదిలేయమనట్లేదు, వాయిదా వేయమంటున్నాను. పొడవాటి ఎముకల చివర్లలో గ్రోత్ ప్లేట్ అనే మెత్తటి పొర ఉంటుంది, ఎముక పొడవు పెరిగేది అక్కడే. అది కీలును కట్టి ఉంచే స్నాయువుల కన్నా బలహీనం. ల్యాబ్ లాంటి కుక్కల్లో ఇవన్నీ మూసుకునేసరికి ఏడాది దాటుతుంది, కొన్నిట్లో ఏడాదిన్నర దాకా పడుతుంది. తాడు పట్టుకుని ఒకే వేగంతో సిమెంటు మీద రెండు కిలోమీటర్లు పరిగెత్తిస్తే, అలసినప్పుడు ఆగే అవకాశం పిల్లకు ఉండదు. యజమాని పరిగెడుతుంటే ల్యాబ్ ఆగదు, నొప్పి పుట్టినా వెంట వస్తుంది. అదే గడ్డిలో వదిలితే పరిగెడతాడు, ఆగుతాడు, వాసన చూస్తాడు, పడుకుంటాడు. అలాంటి ఆట కీళ్లకు మంచిది. నార్వేలో నాలుగు పెద్ద జాతుల పిల్లల్ని గమనించినప్పుడు, మెత్తటి నేల మీద స్వేచ్ఛగా తిరిగిన పిల్లల్లో హిప్ డిస్‌ప్లేసియా తక్కువగా, మూడు నెలల లోపే మెట్లు ఎక్కిదిగిన పిల్లల్లో ఎక్కువగా కనబడింది. ఆ నాలుగు జాతుల్లో ల్యాబ్ కూడా ఉంది.

అందుకని వాడిని ఇంట్లో కట్టేసి కూర్చోబెట్టవద్దు. కండ లేని తుంటి ఇంకా వదులవుతుంది. టీకాలన్నీ అయ్యాయన్నారు కాబట్టి, మీ దగ్గర్లో కుక్కల్ని రానిచ్చే గడ్డి నేల చూసుకుని, పొడవాటి తాడుతో పదిహేను ఇరవై నిమిషాలు, రోజుకు రెండు మూడుసార్లు తిప్పండి. పిల్ల వయసులో ఒక్కో నెలకు ఐదు నిమిషాల చొప్పున నడక అని ఒక లెక్క అందరూ చెప్తారు, దాని వెనక పరిశోధన ఏమీ లేదు. మరీ ఎక్కువ చేయకుండా ఆపుతుంది కాబట్టి నడకకు మాత్రం వాడుకోవచ్చు. బంతిని గాల్లోకి విసిరి ఎగరనివ్వకండి, నేల మీద దొర్లించండి. మన ఫుట్‌పాత్‌ల మీద లేచిపోయిన రాళ్లు, తెరిచిన కాలువలు దాటేటప్పుడు తాడు పొట్టిగా పట్టుకుని మెల్లగా నడిపించండి. మీవారితో జాగింగ్ ఏడాదిన్నర నిండాక, అదీ కీళ్లు ఒకసారి చూపించాక.

మెట్లు మీకు తప్పవు. 19 కేజీల పిల్లను రోజూ మోస్తే మీ నడుము పోతుంది, దాన్నీ నేను ఒప్పుకోను. ఛాతీకి హార్నెస్ వేసి, మీరు గోడ వైపు ఉండి, ఒక్కో మెట్టు ఆగి ఆగి నడిపించండి. దిగేటప్పుడు ఇంకా నెమ్మది, ఎందుకంటే బరువంతా ముందు కాళ్ల మోచేతుల మీద పడుతుంది. రోజుకు నాలుగుసార్లు దిగుతున్నట్టయితే మూడుకి తగ్గించే దారి చూడండి, ఒక పూట బాల్కనీలో ఆట పెట్టండి.

ఇక మీరు అడగనిది ఒకటి. బెంగళూరు ఫ్లాట్లలో నేను చూసే కీళ్ల గొడవల్లో నున్నటి టైల్స్ నేల వాటా తక్కువేమీ కాదు. కాలింగ్ బెల్ మోగగానే వాడు లేచి ఉరికి, తలుపు దగ్గర వెనక కాళ్లు రెండు వైపులా జారి, గోడకు గుద్దుకుని ఉంటాడు, మీరు చూసే ఉంటారు. తుంటి వదులుగా ఉన్న పిల్లకు అలా రోజూ జారడం చాలా చెడ్డది. ఇల్లంతా కప్పక్కర్లేదు. వాడు ఉరికే దారి, గిన్నె పెట్టే చోటు, సోఫా ముందు, ఈ మూడు చోట్ల కింద రబ్బరు ఉన్న మ్యాట్‌లు వేయండి. పాత యోగా మ్యాట్ కోసినా చాలు. నడుస్తుంటే టైల్స్ మీద టిక్ టిక్ మని చప్పుడొస్తే గోళ్లు పెరిగినట్టు, కత్తిరించండి. అరికాళ్ల మధ్య వెంట్రుకలు కూడా. సోఫా మీంచి దూకడం ఇప్పుడే మాన్పించండి, 30 కేజీలయ్యాక మాన్పించలేరు.

గ్లూకోసమైన్ లాంటి కీళ్ల మాత్రలు డిస్‌ప్లేసియాను ఆపుతాయని చూపించే ఆధారం లేదు. ఆ డబ్బు ఎక్స్‌రేకి పెట్టండి.

ఆపరేషన్ చేయించి పిల్లలు పుట్టకుండా చేయడం ఎప్పుడు అని చివర్లో అడిగారు. సెక్స్ హార్మోన్లు గ్రోత్ ప్లేట్లు మూసుకునే సమయాన్ని నిర్ణయిస్తాయి. కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం డేవిస్‌లో చూసినదాన్ని బట్టి, ఆరు నెలల లోపు చేయించిన ల్యాబ్‌లలో కీళ్ల జబ్బులు పెరిగాయి. ఇంట్లో పెరిగే మగ ల్యాబ్‌కి నేను ఏడాది దాటాకే చేస్తాను.

కుంటడం కనబడితే అదంతా తుంటి వల్లే అనుకోకండి. ఒక రోజు ఒక కాలు, వారానికి ఇంకో కాలు కుంటితే పానోస్టైటిస్ అనే ఎముక నొప్పి కావచ్చు, అది వయసుతో పోతుంది. జ్వరం, నీరసం, తిండి మానడం, కీళ్లు పట్టేయడం కలిసి ఉంటే మన ఊళ్లో మొదట అనుమానించాల్సింది పిడుదుల జ్వరం. చెవుల వెనక, వేళ్ల మధ్య వెతకండి, రక్త పరీక్ష చేయించండి. ఏది అయినా ఇంట్లోని మాత్రలు మాత్రం వేయకండి. మనం నొప్పికి వేసుకునే ఐబుప్రొఫెన్, డైక్లోఫెనాక్ కుక్కలకు కడుపులో పుండ్లు చేస్తాయి, కిడ్నీలను దెబ్బతీస్తాయి. అర మాత్ర ఇచ్చి నా దగ్గరికి తెచ్చిన పిల్లల్లో అన్నిటినీ నేను కాపాడలేకపోయాను.

పరీక్షకు వెళ్లేముందు రెండు వీడియోలు తీయండి. ఒకటి వెనక నుంచి, బ్రూనో మీ నుంచి దూరంగా నేరుగా నడుస్తూ. రెండోది పక్క నుంచి, మెట్లు ఎక్కుతూ. క్లినిక్‌లో భయానికి పిల్లలు సరిగ్గా నడిచి చూపించేస్తాయి, డాక్టర్‌కి అసలు నడక కనబడదు. మత్తు ఇస్తారు కాబట్టి ముందురోజు రాత్రి ఎన్ని గంటల తర్వాత తిండి ఆపాలో ఫోన్ చేసి కనుక్కోండి. ఎక్స్‌రే ఫిల్మ్‌ని ఫోన్‌తో ఫొటో తీసి సరిపెట్టుకోకుండా అసలు డిజిటల్ ఫైల్ అడిగి తీసుకోండి. అది, ఓర్టొలాని ఫలితం, ఆ రోజు బరువు, ఈ మూడూ ఇక్కడ రాస్తే ఆ రాత్రే చూసి జవాబిస్తాను.